మడత పడని దుప్పటి

మా వీధిలో ఎవరినైనా ఆపి దొరొత్య ఎవరని అడగండి, చెబుతారు. లాండ్రీ పిల్ల, ఎర్ర రుమాలు, ఒక చెంప మీద సొట్ట. మూల మీద మిఠాయి కొట్లో గసగసాల కేకు ముక్కకు కూడా దొరొత్య పేరే పెట్టారు. నిజానికి దొరొత్య అనే మనిషి ఎప్పుడూ లేదు. ఆమెను రాసిన మనిషి మా ఇంటి రెండో అంతస్తులో యాభై ఎనిమిదేళ్లు ఉంది. ఆవిడ పేరు అడగండి, తల గోక్కుంటారు.

ఆవిడ పేరు తర్చలి ఒతీలియా.

నేను ఆ ఇంటి మెట్లు కడిగే మనిషిని. అంతకుముందు మా అమ్మ కడిగేది. అమ్మ నడుము పడిపోయాక, నాకు పదిహేనేళ్లప్పుడు, బేకరీ పని నేర్పే బడి వదిలేసి నేను బకెట్ పట్టాను. బుడాపెస్ట్‌లో ఎనిమిదో వార్డు ఇళ్లన్నీ ఒకలాగే ఉంటాయి. మధ్యలో ముంగిలి, చుట్టూ ప్రతి అంతస్తుకీ ఇనుప కటకటాల వరండా. వరండా తుడిచేవాళ్లకు ప్రతి వంటింటి కిటికీ కనిపిస్తుంది. మాట్లాడటం నాకు చేతకాదు. చూడటం చేతనవుతుంది. పదకొండేళ్లు చూశాను. చూసింది రాస్తున్నాను.

ఒతీలియా మామ్మ తీసా నది ఒడ్డు ఊళ్లో పుట్టింది. తండ్రి పడవ దాటించేవాడు. యుద్ధమయ్యాక పదహారేళ్ల వయసులో పట్నం వచ్చి లాండ్రీలో చేరింది. పగలంతా ఆసుపత్రుల దుప్పట్లు ఉడకబెట్టడం, పిండటం, ఇస్త్రీ చేయడం. పెళ్లి చేసుకుంది, ఎనిమిది నెలలు నిలిచింది. "ఆయనకు నా చేతులు నచ్చలేదు. సోడాతో ఎర్రబడి పగిలి ఉండేవి. ముట్టుకుంటే గీసుకుంటోందనేవాడు. నేను గీసింది కాగితాల మీదేలే," అని నవ్వేది. బట్టల మూటలకు కట్టే గోధుమరంగు చీటీల వెనక పెన్సిలుతో రాసేది. మధ్యాహ్నం అందరూ పందికొవ్వు రాసిన రొట్టె, ఉల్లిపాయ ముక్కలు తింటుంటే ఆవిడ ఒక చేత్తో తింటూ ఇంకో చేత్తో రాసేది.

అలా రాసిన ఒక కథను 1959లో ఒక వారపత్రిక వేసింది. దొరొత్య అనే లాండ్రీ పిల్ల మీద మేస్త్రీ దొంగతనం మోపుతాడు, ఒక దుప్పటి పోయిందని. అందరి ముందూ ఆమె సంచీ బోర్లిస్తాడు. ఏడాది తర్వాత తీసింది మేస్త్రీయేనని తేలుతుంది. అతను వచ్చి క్షమించమని బతిమాలతాడు. దొరొత్య ఒక్క మాట అనదు. చేతిలో ఉన్న దుప్పటి పిండుతుంది, ఆరేస్తుంది, వెళ్లిపోతుంది. కథ అంతే. ఆ కథ నేను నలభైసార్లు చదివాను. చదివిన ప్రతిసారీ ఆ పిండిన నీళ్లు నా మోచేతుల మీదుగా కారినట్టే ఉంటుంది.

సినిమా వాళ్లు వచ్చారు. కథ కొనడానికి వచ్చి ఇల్లు చూసి ముచ్చటపడి, షూటింగ్ ఇక్కడే అన్నారు. ఆవిడ ఉన్నందుకే ఆ సినిమా మా ఇంటికి వచ్చిందన్న మాట గుర్తుంచుకోండి. పేరు 'దొరొత్య దుప్పట్లు' అని పెట్టారు. అందులో దొరొత్య మేస్త్రీని క్షమిస్తుంది. క్షమించడమే కాదు, పెళ్లాడుతుంది. అరవై మంది వరండాల్లో దుప్పట్లు ఊపుతూ పాడతారు. ఏటా ఈస్టర్ సోమవారం టీవీలో వస్తుంది. జనం ప్రతి మాటా నటులకన్నా ముందే చెబుతారు.

"ఆ పెళ్లి నువ్వు రాయలేదా మామ్మా?" అని ఒకసారి అడిగాను, కిటికీ అద్దం తుడుస్తూ.

"సంచీ బోర్లించినవాణ్ణి ఎవరు పెళ్లాడతారే? నువ్వు పెళ్లాడతావా?"

"ఊహూఁ."

"నీకు తెలిసింది. పెద్ద పెద్ద కళ్లజోళ్లు పెట్టుకున్న నలుగురికి తెలియలేదు."

కానీ ఆవిడ గుండెలో ముల్లు ఆ పెళ్లి కాదు. సినిమా మొదట్లో పేర్లు పడే చోటు. పేర్లను తెర మీద మామూలుగా వేయకుండా, నిజం దుప్పట్ల మీద నీలం పెయింటుతో రాసి, మా రెండో అంతస్తు వరండాలో వరసగా ఆరేశారు. కెమెరా ఒక్కో దుప్పటి ముందు ఆగుతుంది. దర్శకుడి పేరు ఆగుతుంది. నటి పేరు ఆగుతుంది. పాట కట్టినవాడి పేరు కూడా ఆగుతుంది. అయిదో దుప్పటి మీద 'తర్చలి ఒతీలియా కథ' అని ఉంటుంది. కెమెరా అక్కడికి రాగానే దొరొత్య పరుగున వచ్చి, నవ్వుతూ ఆ దుప్పటి లాగేసి, నాలుగు మడతలు పెట్టి బుట్టలో పడేస్తుంది. సినిమా హాలంతా నవ్వుతుందట. నేను గడియారం పెట్టి చూశాను. ఆ పేరు తెర మీద ఉండేది రెండు సెకన్లు. అందులోనూ సగం పేరు నటి మోచేయి వెనకే ఉంటుంది.

ఆవిడ అప్పుడే అడిగిందట. దర్శకుడు భుజం తట్టి, "ముద్దుగా ఉందమ్మా, నీ పేరుతోనే కథ మొదలవుతోంది, ఇంకేం కావాలి?" అన్నాడట.

"పేరు చదవనివ్వడం కావాలి," అందట ఈవిడ. ఎవరూ వినిపించుకోలేదు.

తర్వాత ఇంకో మూడు కథలు రాసింది. పత్రికలు తిప్పి పంపాయి. దొరొత్య లాంటిది ఇంకోటి ఇవ్వండి అని ఒక ఉత్తరం, సరదాగా ఉండాలని ఇంకో ఉత్తరం. రిటైరయ్యేదాకా లాండ్రీలోనే చేసింది. ఈలోగా మా ఇంటివాళ్లు ఆవిడను దొర్కా మామ్మ అనడం మొదలుపెట్టారు, దొర్కా అంటే దొరొత్యకు ముద్దుపేరు. కథలో పిల్ల ఈవిడేనని, ఆ మేస్త్రీని ఈవిడే పెళ్లాడిందని, పాపం ఆయన పోయాడని కూడా మొదటి అంతస్తు కుట్టుపని ఆవిడ చెబుతుంటే విన్నాను.

అన్నిటికన్నా నాకు ఒళ్లు మండేది పేరు రోజున. మాకు పుట్టినరోజు కన్నా క్యాలెండరులో మన పేరు అచ్చేసిన రోజు ముఖ్యం. ఆ రోజు పొరుగువాళ్లు తలుపు తట్టి పూలు ఇస్తారు. దొరొత్యల రోజు ఫిబ్రవరి ఆరు. ఆ రోజు ఒతీలియా మామ్మ గుమ్మం ముందు హయసింత్ పూలకుండీలు బారులు తీరేవి. ఒతీలియాల రోజు డిసెంబరు పదమూడు. ఆ రోజు లూత్సాలది కూడా. అందరూ లూత్సాలను పలకరిస్తారు, క్రిస్మస్‌కు మొలకలు రావాలని పళ్లెంలో గోధుమలు నానబెడతారు, ఆ పక్కనే చిన్న అక్షరాల్లో ఉన్న ఒతీలియాను ఎవరూ చూడరు. ఆవిడ గుమ్మం ముందు ఏమీ ఉండేది కాదు. ఉన్నది నా తడి గుడ్డ గుర్తే.

నేనైనా చెప్పి ఉండొచ్చు కదా అంటారేమో. నేను పదకొండేళ్లలో ఆ ఇంట్లోవాళ్లతో అన్న మాటలు మొత్తం కలిపినా ఈ పేజీ నిండదు. డిసెంబరు పదమూడున షాజీరా చారు గిన్నెడు తీసుకెళ్లి ఆవిడ బల్ల మీద పెట్టి వచ్చేసేదాన్ని. ఆవిడ తాగేది. "ఈ ఇంట్లో క్యాలెండరు చదవగలిగింది నువ్వొక్కతివే," అనేది.

2016 జనవరిలో గేటు దగ్గర నోటీసు పెట్టారు. సినిమా తీసిన ఇల్లు కాబట్టి వార్డు ఆఫీసు గోడకు ఫలకం పెడుతోంది. ఆవిష్కరణ ఫిబ్రవరి ఆరు, శనివారం, పదకొండు గంటలకు, దొరొత్యల రోజు కాబట్టి. ఉపమేయరు గారు వస్తారు. బడిపిల్లలు పాట పాడతారు. ఫలకం మీద ఉండబోయే మాటలు కింద టైపు చేశారు. సినిమా పేరు, సంవత్సరం, దర్శకుడు, నటి, పాట కట్టినవాడు.

మామ్మకు అప్పుడు ఎనభై ఆరు. కళ్లు మసక. నేనే చదివి వినిపించాను.

"మళ్లీ చదువు."

మళ్లీ చదివాను.

"పాట కట్టినవాడు కూడా ఉన్నాడా?"

"ఉన్నాడు మామ్మా."

 మామ్మ నన్ను కాగితం తీసుకోమని ఉత్తరం చెప్పింది. వార్డు ఆఫీసుకు. నాలుగు వాక్యాలు. కథ రాసింది నేను, బతికి ఉన్నాను, ఇదే ఇంట్లో ఉన్నాను, నా పేరు పెట్టండి. పది రోజులకు జవాబు వచ్చింది. గౌరవనీయ పౌరురాలికి, ఫలకం సినిమాకు సంబంధించినది, స్థలం పరిమితం, చెక్కడం పూర్తయింది, మీ ఆసక్తికి ధన్యవాదాలు. ఆసక్తి అట!  దారిన పోయేవాడు రాయి చూసి ముచ్చటపడితే ఆసక్తి అంటారు.

మామ్మ ఇంటి సంఘం ప్రతినిధి హల్మొషి గారిని పిలిపించింది. ఆయన తల ఎత్తకుండా "మీ చేతికి ముద్దు, మామ్మగారూ," అన్నాడు. మా మగవాళ్లు పెద్దావిడల్ని అలాగే పలకరిస్తారు, చేతి వంక చూడకుండా.

"హల్మొషీ, నా పేరు లేదు."

"ఎందుకు లేదండీ? సినిమా పేరులోనే ఉంది! దొర్కా మామ్మ అంటే ఈ వీధిలో తెలియనివాడు ఎవడు?"

"నేను దొర్కాను కాను."

"అబ్బ, ఎంత వినయమండీ మీకు! మొదటి వరసలో కుర్చీ వేయిస్తాను. దుప్పటి కప్పుకుని రండి, చలి." నా వైపు తిరిగి, "బోరీ, ఆ రోజు గేటు ముందు మంచు మీద ఉప్పు బాగా చల్లు. ఉపమేయరు గారు జారి పడితే నా పరువు పోతుంది," అని వెళ్లిపోయాడు.

తలుపు మూసుకున్నాక మామ్మ అంది, "బట్టల బీరువా అడుగు అర తెరువు. పైవి తీసి మంచం మీద పెట్టు. అన్నిటికన్నా కిందది ఇటు ఇవ్వు."

లావెండర్ సంచుల వాసన. అడుగున పసుపు తిరిగిన మందపాటి దుప్పటి. నాలుగు మడతలు. విప్పాను. నీలం అక్షరాలు నా చేయంత పొడుగున ఉన్నాయి. తర్చలి ఒతీలియా కథ.

అంచులు పట్టుకుని మంచం మీద పరిచాను. 

"షూటింగ్ అయ్యాక ఆ దుప్పట్లు ఎక్కడికి పంపారనుకున్నావు? మా లాండ్రీకే. పెయింటు పోయేదాకా ఉడకబెట్టి తిరిగి ఇమ్మన్నారు. ఏడు దుప్పట్లు సోడా వేసి మూడుసార్లు ఉడికించాను. దర్శకుడిది కూడా, శుభ్రంగా పోయింది. మిగిలిన ఈ ఒక్కటి నడుముకు చుట్టుకుని కోటు వేసుకుని ఇంటికొచ్చాను."

"దొంగతనమా మామ్మా?"

"దొంగతనమే. దొరొత్య చేయని పని దాన్ని రాసినదాని చేత చేయించారు." ఆవిడ నవ్వలేదు. "నేను పోయేలోపు ఒక్కసారి ఈ పేరు నలుగురూ చదవాలి బోరీ. రెండు సెకన్లు కాదు. తీరిగ్గా చదవాలి. ఆ తర్వాత ఏమైనా పర్లేదు."

మామ్మ గదికి వీధి వైపు కిటికీ ఉంది. సరిగ్గా దాని కింద గోడకే ఫలకం, మీద గుడ్డ కప్పి ఉంది. కిటికీలోంచి వేలాడదీస్తే సరిపోతుంది అన్నాను.

"పొడి దుప్పటా? గాలికి చుట్టుకుపోతుంది. మళ్లీ అదే అవుతుంది, మడతల్లో పోతాను. శనివారం చలి ఎంతట?"

రేడియోలో మైనస్ పదకొండు చెప్పారు.

ఆవిడ మొహం వెలిగింది. చలికాలంలో లాండ్రీ పెరట్లో ఆరేసిన దుప్పట్లు పలకల్లా బిగుసుకుపోయేవట. వాటిని ఇద్దరు తలుపు మోసినట్టు లోపలికి మోసేవారట. "తడిపి వేస్తే రెండు గంటల్లో చెక్కవుతుంది. చెక్కకు మడత ఎవరు పెడతారో చూస్తాను."

శనివారం పొద్దున ఆరింటికి స్నానాల తొట్టెలో దుప్పటి నానబెట్టాను. మామ్మ కుర్చీలో కూర్చుని పని చేయించింది. ఇస్త్రీ గదిలో కొత్త పిల్లలకు చెప్పినట్టే చెప్పింది.

"క్లిప్పులు పెట్టకు, తడి బరువు ఆగవు. పై అంచు కర్ర మీదికి తిప్పి కుట్టు. లావు దారం. కింది అంచుకు ఆ పాత ఇస్త్రీ పెట్టె కట్టు, బరువుకు నిటారుగా దిగుతుంది. పిండకు! కారనీ. ఎంత నీళ్లుంటే అంత గట్టి. అయ్యో, అలా కాదే, అక్షరాలు వీధి వైపు!"

కిటికీ పక్క రెండు కొక్కేలకు కర్ర కట్టాను. నా వేళ్లకు స్పర్శ పోయింది. నీళ్లు కింద కాలిబాట మీద పడి అప్పటికప్పుడే మంచు కట్టాయి. బకెట్ ఉప్పు తీసుకుని కిందికి వెళ్లి చల్లాను. చల్లుతూ పైకి చూశాను. ఎనిమిదింటికి దుప్పటి అంచులు తెల్లబడ్డాయి. తొమ్మిదింటికి గాలి వీచినా అది కదల్లేదు. గోడకు కొట్టుకుని తలుపు తట్టినట్టు చప్పుడు చేసింది.

పదింటికి హల్మొషి గారు చూశాడు. మెట్లు రెండేసి ఎక్కి వచ్చి తలుపు బాదాడు. నేను తీశాను.

"ఏమిటిది? తీసెయ్! ఎవరు పెట్టమన్నారు?"

"నేను," అంది మామ్మ, కుర్చీలోంచి.

"మామ్మగారూ, పండగపూట ఈ గోలేమిటండీ? తీసేయండి!"

"తియ్యి. లాగు. మంచు కట్టిన గుడ్డ లాగితే మధ్యకు విరుగుతుంది. సగం దుప్పటి, పలకంత బరువు, రెండో అంతస్తు నుంచి. కింద ఎవరి నెత్తిన పడుతుందో చూసుకుని లాగు. ఉపమేయరు గారు టోపీ పెట్టుకుంటారా?"

ఆయన కిటికీ దగ్గరికి వెళ్లాడు. చేయి పెట్టాడు. మంచు వేలికి అంటుకుంది, తీసేసుకున్నాడు. "మీరు చాలా మంచివారనుకున్నాను దొర్కా మామ్మా," అన్నాడు.

"తప్పు. ఆ పిల్ల మంచిది."

పదకొండింటికి వీధి నిండింది. ఉపమేయరు గారు, పొట్టి బూట్ల ఆవిడ, మైకు దగ్గర నిలబడింది. నేను ఉప్పు బకెట్‌తో గేటు పక్కన ఉన్నాను. ఆవిడ చాలాసేపు మాట్లాడింది. ఈ వరండాలు, ఈ నవ్వులు, మన దొరొత్య. జనం ఆవిడ వైపు చూడలేదు. తలలెత్తి దుప్పటి వైపు చూస్తున్నారు. పాట పాడటానికి వచ్చిన పిల్లలు, రెండో తరగతి వాళ్లు, చదవడం కొత్తగా వచ్చినవాళ్లు. ఎదురుగా అంత పెద్ద అక్షరాలుంటే ఊరుకుంటారా? ఒక పాప మొదలుపెట్టింది, పక్కవాళ్లు అందుకున్నారు. కూడబలుక్కుని, గట్టిగా, తర్చలి, ఒతీలియా, కథ. టీచరు ఉష్ అంది. వాళ్లు ఇంకోసారి చదివారు, ఈసారి తడబడకుండా.

ఉపమేయరు గారు ఆగి హల్మొషి గారిని అడిగింది, "ఎవరా ఒతీలియా?"

ఆయన గొంతు సవరించుకున్నాడు. "ఏదో... పాత ప్రకటన అనుకుంటానండీ."

ప్రకటన! యాభై ఎనిమిదేళ్లు ఒకే కప్పు కింద ఉన్న మనిషి ప్రకటన!  బకెట్ కింద పెట్టాను. నా గొంతు నాకే కొత్తగా వినిపించింది.

"కాదు. ఆ కథ రాసినావిడ. పైన ఉన్నారు. బతికే ఉన్నారు. పేరు పెట్టమని మీకు ఉత్తరం రాశారు, ఆసక్తికి ధన్యవాదాలన్నారు మీరు."

అందరూ నా వైపు తిరిగారు. భూమిలోకి పోవాలనిపించింది. కానీ ఉపమేయరు గారు పైకి చూసింది. కిటికీలో మామ్మ నిలబడి ఉంది, నీలం కోటు, దువ్విన తెల్ల జుట్టు. ఆవిడను చూడగానే ఉపమేయరు గారి మొహం విప్పారింది. రెండు చేతులూ ఎత్తింది.

"ఓహో! మన దొర్కా మామ్మ! పేరు రోజు శుభాకాంక్షలు మామ్మగారూ! దేవుడు చల్లగా చూడాలి!"

జనం చప్పట్లు కొట్టారు. బ్యాండు వాళ్లు పేరు రోజు పాట అందుకున్నారు.

నాకు ఏడుపొచ్చింది. కోపంతో వచ్చే ఏడుపు. మామ్మ పాట అయ్యేదాకా ఆగింది. తర్వాత వంగి, లాండ్రీ మిషన్ల హోరులో నలభై ఏళ్లు అరిచిన గొంతుతో అంది:

"నా పేరు రోజు డిసెంబరు పదమూడు! పేరు మీ ముక్కు ముందే ఉంది! అమ్మా, నువ్వు చదవగలవా, లేక ఆ పిల్లల్ని అడగాలా?"

నవ్వులు లేచాయి, ఆగిపోయాయి. ఉపమేయరు గారి చెంపలు చలికి కాక ఎర్రబడ్డాయి. మైకు ఇంకా ఆవిడ నోటి దగ్గరే ఉంది. పైకి చూసి, నెమ్మదిగా చదివింది. తర్చలి ఒతీలియా కథ. మైకులో వీధి చివరిదాకా వినిపించింది.

మామ్మ తల ఊపింది. కిటికీ మూసుకుంది.

అంతా మారిపోయిందని మీరు అనుకోకూడదు. సోమవారం పత్రికలో ఫొటో వచ్చింది. అందులో దుప్పటిని సగానికి కత్తిరించేశారు. కింద 'కిటికీలో దొర్కా మామ్మ' అని రాశారు. ఫలకం మీద ఆ ముగ్గురి పేర్లే ఉన్నాయి, ఇప్పటికీ. ఈస్టర్ సోమవారం సినిమా వేశారు, నటి అయిదో దుప్పటి లాగి, మడిచి బుట్టలో పడేసింది. మా ఇల్లంతా నవ్వడం వరండాలోంచి విన్నాను.

మామ్మ ఆ అక్టోబరులో పోయింది. దుప్పటి నాకు ఇచ్చింది. ఇస్తూ, "ఈసారి కింది అంచుకు ఇంకా బరువు కట్టు," అంది.

మేముండేది గేటు పక్క గదిలో, వీధి వైపు కిటికీ లేదు. అందుకని ఏటా ఫిబ్రవరి ఆరున పొద్దున్నే దుప్పటి తడిపి గేటు పై కమ్మీకి కుడతాను. హల్మొషి గారు చూస్తాడు, గొణుగుతాడు, లాగడు. మంచు ఉన్నంతసేపు జనం ఆగి చదివి వెళతారు. మధ్యాహ్నం ఎండకు మెత్తబడగానే తీసేస్తాను.

ఈ ఏడు చలి లేదు. ఫిబ్రవరి ఆరున వాన పడింది. దుప్పటి గేటుకు తడిసి ముద్దగా అంటుకుపోయి, మడతలు పడి, పేరు 'తర్చ' దగ్గరే ఆగిపోయింది. గంటసేపు పట్టుకుని నిలబడ్డాను. నా చేతులు రెండే. ఆ దుప్పటికి నాలుగు మూలలు.

అందుకే ఇది రాశాను.